పురాతన నగర పాదసంచారము – పాఠ పరిష్కరణ దృష్టి

ప్రాచీన నగరమును కాలినడకన తిరిగి చూచుట, చూచినదానిని గూర్చి తోడివారితో ముచ్చటించుట తెలుగువారికి క్రొత్త కాదు. వినుకొండ వల్లభరాయని క్రీడాభిరామమున గోవింద మంచనశర్మయు టిట్టిభసెట్టియు ఓరుగంటి వీథులలో తిరుగుచు కన్నదానినెల్ల ముచ్చటించుకొందురు. కాకతీయ రాజధాని సాంఘిక జీవనమును గూర్చి వ్రాయువారికి ఆ ఇద్దఱి నడక నేటికిని ముఖ్యాధారములలో నొకటి. చూచినవారు చూచినట్లు చెప్పుటచేతనే ఆ గ్రంథమున కంతటి ప్రామాణ్యము కలిగినది.

ఇటీవల చారిత్రక నగరములందు మార్గదర్శి వెంట నడచు సందర్శనములు బాగుగ వ్యాపించినవి. వీనియెడ సాహిత్య విద్యార్థులలో రెండు విధములైన ధోరణులు కనబడుచున్నవి. ఇది కాలక్షేపమేయని ఉపేక్షించువారు కొందఱు. మార్గదర్శి చెప్పిన దెల్ల ప్రమాణముగా గ్రహించి తమ వ్యాసములలో చేర్చువారు మఱికొందఱు. ఈ రెండును సరి కావని మా అభిప్రాయము. నగరము మూలగ్రంథము; మార్గదర్శి వాక్యము దానికి వ్యాఖ్యానము. తాళపత్ర ప్రతిని పరిష్కరించునపుడు మన మనుసరించు నియమములనే ఇచ్చటను అనుసరింపవలెను. హైదరాబాదు పాతనగరమును ఉదాహరణముగా గొని ఈ విషయమును వివరింతుము.

మూసీనదిపై నున్న నయాపూలు నుండి దక్షిణముగా బయలుదేరి, బాదుషాహీ అషూర్‌ఖానా, పత్తర్‌గట్టి, చార్‌కమాను, చార్మినారు, మక్కా మసీదు, లాడ్‌బజారుల మీదుగా చౌమహల్లా ప్రాసాదమునకు చేరు మార్గము సుమారు రెండు కిలోమీటర్లు. దుకాణములు తెఱవకమున్ను, ప్రొద్దుననే నడచుట మేలు. సరకులును జనసమ్మర్దమును కప్పివేయు గోడలు, తోరణములు, చెక్కడములు అప్పుడే స్పష్టముగా కనబడును.

తెలుగు శాఖ విద్యార్థికి ఈ నగరముతో సంబంధమేమని అడుగవచ్చును. దీనిని నిర్మించిన మహమ్మదు కులీ కుతుబ్‌షా తండ్రి ఇబ్రహీం కుతుబ్‌షా. మన కవులు అతనిని మల్కిభరాముడనిరి. అద్దంకి గంగాధరకవి తన తపతీసంవరణోపాఖ్యానమును అతనికే అంకితమిచ్చెను. అచ్చతెనుగు కావ్యమైన పొన్నగంటి తెలగనార్యుని యయాతిచరిత్రము ఆ ప్రభుత్వమున అధికారియైన అమీన్‌ఖానునకు అంకితము. మూసీపై ఇరువదిరెండు కమానులతో నేటికిని నిలిచియున్న పాతవంతెన ఇబ్రహీము కాలమున, 1578లో కట్టబడినది. నగరముకంటె వంతెన పెద్దది. మహమ్మదు కులీ స్వయముగా దక్కనీ భాషాకవి. అతని కవితా సంపుటమును సయ్యదు మొహియుద్దీను ఖాద్రీ జోరు పరిష్కరించి 1940లో ప్రకటించిరి. ఈ నగర వీథులు తెలుగు సాహిత్య చరిత్రకు పొరుగు వీథులు కావు, ఆ చరిత్రలోనివే.

గ్రంథపాతము, పూరణము

నడకలో మొదట తగులునది బాదుషాహీ అషూర్‌ఖానా. మొహర్రము దినములలో ఆలములను నిలుపుటకై మహమ్మదు కులీ 1594 ప్రాంతమున దీనిని కట్టించెను. గోడలపై నున్న రంగుల మెఱుగుపలకల పని 1611 నాటిది. 1908 సెప్టెంబరు 28వ తేదీన వచ్చిన మూసీ వఱదలో ఈ పలకలు కొంతమేర నశింపగా, ఆ చోటులను తరువాత రంగుపూతతో పూరించిరి. దూరమునుండి చూచువారికి గోడ అంతయు ఒక్కటే. దగ్గఱకు పోయి చూచినచో పలకల అతుకులు ఎచ్చట ఆగిపోయినవో, కుంచెపని ఎచ్చట మొదలైనదో తెలియును.

శిథిలమైన తాటాకులో లోపించిన పాదమును లేఖకుడు తన నేర్పుకొలది పూరించుట మన మెఱుగని విషయము కాదు. పూరణము దోషము కాదు; దానిని మూలమని భ్రమించుటయే దోషము. మంచి మార్గదర్శి ఇచ్చట మొదట చూపవలసినది పలకల అందమును కాదు, అవి ఆగిపోయిన గీతను.

పాఠభేదము

పత్తర్‌గట్టి దాటగానే మచ్లీకమాను వచ్చును. దానిని దాటి ముందునకు పోయినచో నాలుగు కమానుల నడుమ గుల్జారుహౌజు అను నీటికుండము కలదు. ఉత్తరమున మచ్లీకమాను, తూర్పున కాలీకమాను, దక్షిణమున చార్మినారు కమాను. పడమటి కమాను ఒకప్పుడు రాజప్రాసాదమునకు ద్వారము. దానిని నేడు పలువురు షేర్-ఎ-బాతిల్ కమాను అందురు. షేర్ అనగా సింహము. కాని సెహర్-ఎ-బాతిల్ అను పాఠమును కలదు. సెహర్ అనగా మాయ, మంత్రప్రయోగము. బాతిల్ అనగా నిష్ఫలమైనది. ప్రయోగములను వమ్ముచేయు ద్వారమని తాత్పర్యము.

ఈ రెంటిలో ఏది గ్రాహ్యము? అరబ్బీ లిపిలో ఈ రెండు మాటలును ఒకదాని నొకటి పోలవు గనుక ఇది లేఖక ప్రమాదము కాదు, నోటివాడుకలో కలిగిన మార్పు. సింహద్వారమను భావన అందఱికిని సుపరిచితము. మాయాభంజకమైన ద్వారమనునది అట్లు కాదు. అపరిచితమైన మాట పరిచితమైన మాటగా మాఱుట లోకసహజము. దీనికి విపర్యయము అరుదు. కఠినపాఠమే ప్రాచీనమై యుండునను పరిష్కర్తల న్యాయము ఇచ్చట చక్కగా వర్తించును. మార్గదర్శి సింహము కథ చెప్పినచో విద్యార్థి దానిని వ్రాసికొనవలసినదే. ఏలయన అదియు ఒక పాఠము. జనులు ఆ పేరునెట్లు అర్థము చేసికొనిరో తెలుపు సాక్ష్యము.

కాలనిర్ణయము, ప్రక్షిప్తము

కొద్ది దూరమున చార్మినారు. ఒక్కొక్క వైపు సుమారు 20 మీటర్ల చతురస్రముగా, నాలుగు తోరణములు నాలుగు దిక్కుల వీథులకు అభిముఖముగా కట్టబడినది. దీని నిర్మాణ కాలము కొన్ని పుస్తకములలో 1591 అనియు, మఱికొన్నిటిలో 1592 అనియు కానవచ్చును. ఒకరు తప్పు, ఒకరు ఒప్పు అని తగవులాడ నక్కఱ లేదు. దీనికి కాలసూచకముగా చెప్పబడు యా హాఫిజ్ అను పదమునందలి అక్షరములకు అబ్జదు పద్ధతిలో 10, 1, 8, 1, 80, 900 విలువలు. మొత్తము 1000. ఆ హిజరీ సంవత్సరము 1591 అక్టోబరులో ప్రారంభమై 1592 అక్టోబరులో ముగిసినది. మన శాసనములలోని భూతసంఖ్యలను, శకవత్సరములను క్రీస్తుశకమునకు మార్చునపుడు తటస్థించు చిక్కే ఇది. శాసన పాఠము చెప్పు ఉపాధ్యాయునకు ఇంతకంటె సులభమైన ఉదాహరణము దొరకదు.

నాలుగు వైపుల నున్న గడియారములను గమనింపవలెను. అవి 1889లో చేర్చబడినవి. కుతుబ్‌షాహీ నిర్మాణమున లేనివి. నేడు గడియారములు లేని చార్మినారును ఊహించుట కష్టము. ప్రక్షిప్త పద్యము కూడ ఇట్లే కాలక్రమమున కావ్యమున కలిసిపోయి, తొలగించినచో చదువరికి వెలితి తోచునట్లగును. దానిని తొలగింపవలెనని మేము చెప్పము. దాని కాలమును ఎఱిగి చదువవలె నందుము.

మౌఖిక కథ

చార్మినారు నీడలో మార్గదర్శులు తప్పక చెప్పునది భాగమతి కథ. ఆమెపై ప్రేమతో సుల్తాను కట్టించిన నగరము మొదట భాగ్‌నగరమై, పిదప హైదరాబాదైనదని ఆ కథ. బీజాపురమున చరిత్ర రచించిన సమకాలికుడు ఫిరిష్తా దీనిని వ్రాసెను. గోలకొండ ఆస్థాన చరిత్రలో ఈ కథ కానరాకుండుట మొదలగు కారణములచే హారూన్‌ఖాను షేర్వానీ దీనిని అంగీకరింపలేదు. 1974లో వెలువడిన వారి కుతుబ్‌షాహీ వంశ చరిత్రలో ఈ చర్చ కలదు. పదునేడవ శతాబ్దపు ఫ్రెంచి వర్తకుడు టావెర్నియే మఱియొక విధముగా చెప్పెను. బాగ్ అనగా తోట, నగర్ అనునది రాజు ప్రియభార్య పేరు, కావున ఇది నగర్ తోట యని అతని వివరణ. నగరమను మాట తెలిసిన మనకు అతడెచ్చట పొరబడెనో చెప్పనక్కఱలేదు. కాని ఒక ప్రియురాలి కథ ఆనాటికే ఈ నగరమును అల్లుకొని యుండెనని అతని పొరపాటే సాక్ష్యమిచ్చుచున్నది.

చారిత్రకముగా సందిగ్ధమైన కథ సాహిత్యపరముగా నిరర్థకము కాదు. మార్గదర్శి కథను చెప్పుటలో తప్పులేదు. దానిని శిలాశాసనమువలె చెప్పుట తప్పు. ఎవరు వ్రాసిరి, ఎవరు కాదనిరి, ఎందుచేత కాదనిరి అను మూడును చెప్పినచో కథ చెడదు, శ్రోత చెడడు.

కర్తృత్వము

మక్కా మసీదును మహమ్మదు కులీ తరువాతి సుల్తాను మహమ్మదు కుతుబ్‌షా 1617 ప్రాంతమున ప్రారంభించెను. దానిని 1694లో ముగించినవాడు ఔరంగజేబు. 1687లో గోలకొండను జయించి ఆ వంశమును అంతము చేసినవాడును అతడే. ఒకరు మొదలిడినదానిని మఱియొకరు పూర్తిచేయుట భారతము చదివినవారికి వింత కాదు. కాని తిక్కన నన్నయను స్మరించి కలమెత్తినవాడు. ఇచ్చట పూర్తిచేసినవాడు ప్రారంభించినవారి రాజ్యమును హరించినవాడు. కావున ఈ కట్టడమును ఏ వంశపు ఖాతాలో వ్రాయవలెనను ప్రశ్నకు ఒక్క పేరుతో సమాధానము చెప్పరాదు. ఆవరణలోని ఆసఫ్‌జాహీ ప్రభువుల సమాధులు మూడవ వంశమును కూడ ఇచ్చటికి తెచ్చినవి. మూడు కాలముల దస్తూరి ఒకే పత్రముపై నున్నది.

పదసేకరణము

లాడ్‌బజారు లక్కగాజులకు ప్రసిద్ధము. లక్కను కాచి, కడ్డీగా సాగదీసి, వంచి గాజుగా చుట్టి, వేడి ఆఱకమున్నే అద్దపు తునుకలను, రాళ్ళను పొదుగుదురు. భద్రిరాజు కృష్ణమూర్తి సంపాదకత్వమున 1962లో వెలువడిన మాండలిక వృత్తిపదకోశము తొలి సంపుటము వ్యవసాయ పదములను పొలములయొద్దనే సేకరించు దారి చూపినది. ఈ బజారున పనిముట్లకు, పనిలోని అంచెలకు పనివారు వాడు మాటలేవి, కొనవచ్చిన తెలుగు స్త్రీలు వానినెట్లు పలుకుదురు అని అడిగి వ్రాసికొనుట భాషావిద్యార్థికి తగిన పని.

స్థలనామములును ఇట్టివే. సమీపమున నున్న షాలిబండ అను పేరు షా అలీ బండా అనుదానికి వాడుక రూపము. ఇందలి తుదిపదము పారసీకమున సేవకుడను అర్థమిచ్చు బందాయా, తెలుగున పెద్దరాతికి చెప్పు బండయా? రెండు భాషలును కలిసి మెలగిన వీథిలో ధ్వనిసామ్యము ఒక్కటే నిర్ణాయకము కాజాలదు. పాత దస్తావేజులలోని రూపములు కావలెను. ఆ ప్రాంతముననే అక్కన్న మాదన్నల పేరిట నున్న మహంకాళి గుడి, బోనాల ఊరేగింపు గలవు. ఆ గుడి యున్న హరిబౌలి పేరులోని బౌలి మన బావికి దగ్గఱి చుట్టము.

నడక చౌమహల్లాతో ముగియును. పదునెనిమిదవ శతాబ్ది నడుమ సలాబత్‌జంగు ప్రారంభించిన ఈ ప్రాసాదము పందొమ్మిదవ శతాబ్దమున అఫ్జలుద్దౌలా కాలమునకు పూర్తియైనది. దీని పునరుద్ధరణకు 2010లో యునెస్కో వారి ఆసియా పసిఫిక్ వారసత్వ పురస్కారము లభించినది. ఇట్టి చోట, బాగుచేసినది ఏది, పూర్వపుది ఏది యని అడుగుట విద్యార్థి విధి.

ఆచరణ పద్ధతి

ఇట్టి సంచారమునకు విద్యార్థులను కొనిపోవు ఉపాధ్యాయులకు మా సూచనలు కొన్ని. బృందము పదునైదుగురిని మించరాదు. మించినచో వెనుకవారికి మాట వినబడదు, ముందువారికి ప్రశ్నింప వీలుండదు. ప్రతి విద్యార్థియు పుస్తకమున పుటను మూడు నిలువు గడులుగా విభజింపవలెను. మొదటి గడిలో తాను కన్నది, రెండవ గడిలో మార్గదర్శి చెప్పగా విన్నది వ్రాయవలెను. మూడవ గడి ఇంటికి పోయి గ్రంథములతో సరిచూచిన పిదప నింపవలసినది. పేర్లను పలికినవారి ఉచ్చారణముననే వ్రాయవలెను, సంస్కరింపరాదు. మార్గదర్శిని ప్రశ్నించునపుడు పరీక్షాధికారివలె గాక, ఇది తమకెట్లు తెలిసినదని వినయముగా అడుగవలెను. తన తండ్రి చెప్పెనన్నను, ఒక పుస్తకమున చదివితినన్నను ఆ సమాధానమే మౌఖిక పాఠమునకు వంశవృక్షము.

ఈ పనికి కాలము అపరిమితము కాదు. 2019 మే నెలలో చార్మినారు ఒక మీనారు నుండి సున్నపుపని పెచ్చు ఊడిపడినది. రాతిని, సున్నమును బాగుచేయు నిపుణులు కలరు. ఆ పెచ్చునకు మరమ్మతు జరుగును. వృద్ధుల నోట మాత్రమే నిలిచిన వీథి పేరునకు, బావి పేరునకు, పనిముట్టు పేరునకు అట్టి మరమ్మతు లేదు. కట్టడములను కాపాడుట ఇతర శాఖల బాధ్యత కావచ్చును. పేర్లను, వాని పాఠభేదములను, వానితోడి కథలను నమోదు చేయుట భాషాశాఖల బాధ్యత. ప్రతి శాఖయు తన ఊరి పాతవీథులలో ఏటేట ఒక్కసారియైన ఇట్టి నడక సాగించి, మూడు గడుల పుస్తకములను భద్రపఱచినచో, కొన్ని ఏండ్లకు ఆంధ్ర, తెలంగాణ నగరముల స్థలనామకోశమునకు కావలసిన సామగ్రి మన చేతిలో నుండును.