ఇతర మతాలను ఎలా చదవాలి?

ఈ సంవత్సరం సంచికకు విద్య గురించి ఏదైనా రాయమని సొసైటీ పెద్దలు అడిగారు. ఫీజులు, స్కాలర్‌షిప్పులు, పరీక్షా ఫలితాల సంగతి కార్యదర్శి గారి నివేదికలో ఉండనే ఉంటుంది. అందుకని నేను తరగతి గదిలో నన్ను తలదించుకునేలా చేసిన ఒక ప్రశ్నతో మొదలుపెడతాను.

కొన్నేళ్ల కిందట ఆరో తరగతికి జైన, బౌద్ధ మతాల పాఠం చెబుతున్నాను. బోర్డు మీద ‘జైనులు దేవుణ్ణి నమ్మరు’ అని రాసి, పిల్లలచేత రాయించాను. బెల్లు కొట్టాక ఒక మార్వాడీ అబ్బాయి నా వెనకే వచ్చాడు. “సార్, మా అమ్మ రోజూ పొద్దున్నే మందిరానికి వెళ్లకుండా మంచినీళ్లు కూడా తాగదు. మరి మేము దేవుణ్ణి నమ్మమని రాశారేంటి?” అన్నాడు. నా దగ్గర జవాబు లేదు. అదే వారంలో ఒక క్విజ్ పుస్తకంలో ‘ముస్లింలు కాబాలోని రాతిని పూజిస్తారు’ అన్న వాక్యం చూసి, స్టాఫ్ రూములో అరగంట సేపు మండిపడ్డాను. మన గురించి ఒకరు తప్పు రాస్తే నాకు కోపం వచ్చింది. ఒకరి గురించి నేను తప్పు రాస్తే నాకు తెలియనే లేదు.

నిజానికి జైనుల సిద్ధాంతం ఏమిటి? ఈ లోకాన్ని ఎవరో సృష్టించారని వారు ఒప్పుకోరు. లోకం అనాది. కానీ కర్మబంధాలను తెంచుకున్న ఇరవై నలుగురు తీర్థంకరులను పూజిస్తారు. వరాలు ఇస్తారని కాదు, ఆ దారిలో నడవాలని. అంటే ‘సృష్టికర్తను నమ్మరు’ అని రాసి ఉంటే సరిపోయేది. ఒక్క మాట మార్చేసరికి ఒక ఇంటి భక్తి మొత్తం అబద్ధమైపోయింది.

ఆ సిగ్గుతోనే నేను అల్ బిరూనీని మళ్లీ తీశాను. బి.ఇడి. రోజుల్లో ఆయన పేరు రెండు మార్కుల ప్రశ్నగా చదివినవాణ్ణే. ఖ్వారిజంలో 973లో పుట్టి, గజనీ మహమూద్ ఆస్థానానికి చేరి, మన దేశపు వాయవ్య ప్రాంతాలకు వచ్చి, సంస్కృతం నేర్చుకుని, పండితుల దగ్గర కూర్చుని చదివిన మనిషి. పతంజలి యోగశాస్త్రాన్ని అరబీలోకి తెచ్చాడు. 1030 ప్రాంతంలో ‘కితాబుల్ హింద్’ అని మనం పిలుచుకునే గ్రంథం రాశాడు. ఎనభై అధ్యాయాలు. 1888లో ఎడ్వర్డ్ సఖావ్ అనే జర్మన్ పండితుడు దాన్ని ఇంగ్లీషులోకి తెచ్చాడు.

ఆ గ్రంథం ఎందుకు రాయాల్సి వచ్చిందో ముందుమాటలో ఆయనే చెబుతాడు. అది చదివినప్పుడు నా బోర్డు గుర్తొచ్చింది. అబూ సహల్ అనే పెద్దమనిషి దగ్గరికి ఒకసారి వెళితే, ఆయన ముఅతజిలా వర్గం గురించి వచ్చిన ఒక పుస్తకాన్ని తప్పుపడుతున్నాడట. అల్లాహ్ సర్వజ్ఞుడే, అయితే ఆ జ్ఞానం ఆయన నుంచి వేరుగా ఉండే గుణం కాదు, ఆయన స్వతహాగానే ఎరిగినవాడు అని ఆ వర్గం వాదన. పుస్తకం రాసినవాడు దాన్ని కాస్తా ‘అల్లాహ్‌కు జ్ఞానం లేదని వీరంటారు’ అన్నట్టుగా రాసేశాడు. సూక్ష్మమైన మాటను మొద్దుగా రాస్తే నిందగా మారిపోతుంది. హిందువుల గురించి ఉన్న పుస్తకాలు కూడా ఇలాంటివేనని మాట వచ్చి, సరైనది నువ్వే రాయి అని అబూ సహల్ ఆయన్ని పురమాయించాడు.

అల్ బిరూనీ అక్కడే తన పద్ధతి చెప్పేశాడు. ఇది వాదప్రతివాదాల పుస్తకం కాదు, ఖండించడానికి రాయడం లేదు, వారు చెప్పేది వారి మాటగానే ముందు పెడతాను, పోలికకు గ్రీకుల భావాలు పక్కన ఉంచుతాను అని. ఈనాటి విశ్వవిద్యాలయాల్లో పెద్ద పేరుతో చెప్పే సూత్రం ఇదే: నీ తీర్పును కాసేపు పక్కన పెట్టు, ముందు అర్థం చేసుకో. తీర్పు మానేయమని కాదు. కాసేపు ఆపమని.

ఆయన చూపిన రెండో సూత్రం నాకు ఇంకా విలువైనదిగా తోస్తుంది. ప్రతి సమాజంలోనూ చదువుకున్నవారి మతం వేరు, సామాన్యుల మతం వేరు అంటాడు. విగ్రహాల గురించిన అధ్యాయంలో, సామాన్యుడి మనసు కంటికి కనిపించేదాన్ని పట్టుకుంటుందని చెబుతూ, ఉదాహరణ మన ఇంట్లోంచే తీస్తాడు. చదువురాని ముస్లింకు మక్కా, కాబా బొమ్మ చూపిస్తే ఆనందంతో ముద్దు పెట్టుకుంటాడు కదా అంటాడు. ఎదుటివాడి పండితుణ్ణి మన పామరుడితోనో, మన పండితుణ్ణి ఎదుటివాడి పామరుడితోనో పోల్చకూడదన్నమాట. మనలో జరిగే సగం గొడవలు ఈ తప్పు పోలిక వల్లే. మన గ్రంథాన్ని, పొరుగువాడి జాతరను పక్కపక్కన పెట్టి మనమే గొప్పవాళ్లమని తేల్చేస్తాం. మన పీర్ల పండుగను, వారి ఉపనిషత్తును పక్కపక్కన పెడితే ఏం తేలుతుందో ఎవరూ అడగరు.

అలాగని ఆయన మొహమాటస్తుడు కాడు. ఇక్కడి పండితుల అహంకారాన్ని, బయటివారితో కలవకపోవడాన్ని గట్టిగానే విమర్శించాడు. మహమూద్ దండయాత్రలు ఈ దేశపు సంపదను ధ్వంసం చేశాయని, ముస్లింలంటే వీరికి ద్వేషం కలగడానికి అవి కారణమని కూడా రాశాడు. ఆ కుటుంబపు ఆస్థానంలోనే ఉంటూ ఆ మాట రాయడానికి ఎంత నిబ్బరం కావాలి!

ఆయన తర్వాత ఒక శతాబ్దానికి షహ్రస్తానీ ‘అల్ మిలల్ వన్నిహల్’ రాశాడు. ప్రతి వర్గం సిద్ధాంతాన్నీ పక్షపాతం లేకుండా, వారి గ్రంథాల్లో ఉన్నట్టే చెబుతానని ఆయనా షరతు పెట్టుకున్నాడు. మతాల తులనాత్మక అధ్యయనం పందొమ్మిదో శతాబ్దంలో మాక్స్ ముల్లర్‌తో మొదలైందని పాఠ్యపుస్తకాలు చెబుతాయి. ఆధునిక శాఖగా అది నిజమే కావచ్చు.

ఇక రెండో దారి ఉంది: అన్నిటి సారమూ ఒకటే అనేది. షాజహాన్ పెద్దకొడుకు దారా షికోహ్ ‘మజ్మవుల్ బహ్రైన్’ రాసి సూఫీ, వేదాంత భావాలను రెండు సముద్రాల సంగమంగా చూపాడు. 1657లో సుమారు యాభై ఉపనిషత్తులను పారశీలోకి తెప్పించాడు. రెండేళ్లకు సింహాసనం పోరులో ప్రాణమే పోయింది. ఆ పారశీ ప్రతి ఫ్రెంచి పండితుడు ఆంకెతిల్ దుపెరాన్ చేతిలో లాటిన్ అయి, 1801-02లో అచ్చయి, జర్మన్ తత్వవేత్త షోపెన్‌హావర్ చేతికి చేరింది. ఉపనిషత్తులు ఐరోపాకు అలా ఒక మొగల్ యువరాజు వేసిన దారిలో వెళ్లాయి. మన ఆంధ్ర విశ్వవిద్యాలయానికి వైస్ ఛాన్సలర్‌గా ఉండి 1936లో ఆక్స్‌ఫర్డ్ ఆచార్యుడైన రాధాకృష్ణన్ గారిదీ దాదాపు ఈ దారే. సిద్ధాంతాలు వేరైనా లోపలి అనుభవం ఒకటే అన్నారు. బ్రిటన్‌కు చెందిన జాన్ హిక్ దీన్నే మరోలా చెప్పాడు: పరమసత్యం ఒక్కటే, ఒక్కో సంస్కృతి తన కళ్లద్దాలతో దాన్ని చూస్తుంది.

వినడానికి హాయిగా ఉంటుంది. సభల్లో చప్పట్లు కూడా పడతాయి. కానీ నాకొక ఇబ్బంది ఉంది. ఏనుగు, గుడ్డివాళ్ల కథ మనందరికీ తెలుసు. తోక పట్టుకున్నవాడు తాడన్నాడు, చెవి పట్టుకున్నవాడు చేట అన్నాడు. మౌలానా రూమీ మస్నవీలో అది చీకటి గదిలోని ఏనుగు. అయితే ఈ కథ చెప్పేవాడికి ఏనుగు మొత్తం కనిపిస్తోంది కదా! ‘మీరంతా కొంచెం కొంచెమే చూశారు’ అనేవాడు తాను మాత్రం అంతా చూశానని చెప్పకనే చెబుతున్నాడు. పైగా తౌహీద్‌ను, జైనుల అనాది లోకాన్ని, క్రైస్తవుల త్రిత్వాన్ని ‘అన్నీ ఒకటే’ అంటే ముగ్గురి మాటనూ మనం విననట్టే. ఆ మార్వాడీ పిల్లవాడి ప్రశ్నకు ‘అన్నీ ఒకటేలే నాన్నా’ అని నేను తల నిమిరి పంపించి ఉంటే, అదీ ఒక తప్పే అయ్యేది.

విల్‌ఫ్రెడ్ కాంట్‌వెల్ స్మిత్ అనే కెనడా పండితుడు 1940లలో లాహోర్‌లో పాఠాలు చెప్పాడు. ఒక మతం గురించి మనం చెప్పిన మాటను ఆ మతస్తులు ‘అవును, ఇది మాదే’ అని ఒప్పుకోగలగాలని ఆయన పెట్టిన పరీక్ష. ఇది పూర్తిగా సరిపోదని నా అభిప్రాయం. ఎందుకంటే మనలోని లోపాలను ఎవరైనా చెబితే మనం ఒప్పుకోం. అవి నిజం కాకుండా పోవు. అయినా టీచరుకు ఇంతకన్నా మంచి కొలత దొరకదు. సిద్ధాంతం గురించి రాసేటప్పుడు ముందు వారికి వినిపించు. లోపం గురించి రాసేటప్పుడు మన ఇంట్లోనూ వెతుకు. ఇలా చేస్తే ఈమాన్ పలచబడుతుందేమోనని మా మొహల్లాలో ఒకాయన భయపడ్డారు. నా విశ్వాసం సత్యమని నేను నమ్ముతాను. మాయిదా సూరాలోని 8వ ఆయత్ న్యాయం గురించి చెప్పేదీ నమ్ముతాను. పొరుగువాడి మాటను వంకర చేయకుండా చెప్పడం ఆ న్యాయంలో భాగమే.

ఇప్పుడు ప్రతి ఏటా మా తరగతిలో ఉపవాసం మీద ఒక పట్టిక వేయిస్తాను. ఎవరి గడి వారి ఇంట్లో అడిగి నింపాలి. మా ఊళ్లో రంజాన్ రోజానూ, ఏకాదశినీ పెద్దవాళ్లు ‘ఒక్కపొద్దు’ అనే అంటారు. మాట ఒకటే. పట్టిక నింపాక తేడాలు బయటపడతాయి. రోజాలో సహరీ నుంచి ఇఫ్తార్ దాకా నీళ్లు కూడా ఉండవు. ఊరంతా ఒకే నెల, రోగికీ ప్రయాణికుడికీ మినహాయింపు, తర్వాత తీర్చుకోవాలి, లక్ష్యం తఖ్వా. ఏకాదశి వ్రతంలో అన్నం మానేసి చాలామంది పాలు, పండ్లు తీసుకుంటారు. విష్ణుభక్తి దాని ప్రాణం. జైనుల ఉపవాసంలో కాచిన నీళ్లు మాత్రమే, అవీ పగటిపూటే, పాత కర్మను రాల్చుకోవడానికి. క్రైస్తవ పిల్లలు శ్రమల దినాల గురించి, యేసు బాధలను తలచుకుని పశ్చాత్తాపపడటం గురించి రాస్తారు.

పోయిన ఏడాది ఒక అమ్మాయి ఐదో గడి గీసుకొచ్చింది. “సార్, మా నాన్న ఏ ఉపవాసమూ చేయడు. ఎందుకు చేయడో ఆయన్నీ అడిగి రాసుకొచ్చాను, పెట్టమంటారా?” అంది. పెట్టమన్నాను. ఆ చార్టు ఇంకా మా తరగతి గోడ మీదే ఉంది.