ఏడాది యొప్పందము, ఇరువదేండ్ల కొలువు

ప్రభుత్వ కళాశాలలలోను, వైద్యశాలలలోను, పురపాలక సంఘములలోను పనిచేయు వేలకొలది కంట్రాక్టు ఉద్యోగులకు ఒప్పందపు గడువు సమీపించిన కొలది నిద్ర పట్టదు. దానిని మరల వ్రాయింతురో, ఇక చాలునందురో తెలియదు. పది పదునైదేండ్లుగా ఒకే బల్లకడ ఒకే పని చేయుచున్నవారిని తాత్కాలికులనుట మాకు వింతగా తోచుచున్నది. తమ్ము ఖాయపఱుపుడని వారు మొఱపెట్టుకొనుచుండగా, 'మీరు రావలసిన దారిని రాలేదు' అని ప్రభుత్వములు బదులు చెప్పుచున్నవి. ఆ దారిని మూసియుంచిన దెవరు?

ఈ చిక్కు క్రొత్తది కాదు. ఉమ్మడి ఆంధ్రప్రదేశములో 1994 నాటి 2వ నంబరు చట్టము దినకూలి నియామకములను నిషేధించినది. 1993 నవంబరు 25 నాటికి ఐదేండ్ల సేవ గలవారిని ఖాయపఱచుటకు 212వ నంబరు ఉత్తరువు వెలువడినది. అంతటితో తలుపు మూసితిమనుకొనిరి. కిటికీనుండి కంట్రాక్టు విధానమును, దాని వెన్నంటి అవుట్‌సోర్సింగును లోనికి వచ్చినవి.

2006 ఏప్రిలు 10వ తేదీని సర్వోన్నత న్యాయస్థానపు రాజ్యాంగ ధర్మాసనము ఉమాదేవి వ్యాజ్యములో తీర్పు చెప్పినది. బహిరంగపు పోటీ లేక చేరినవారికి ఖాయపఱుపుమని కోరు హక్కు లేదనియు, అట్లు చేసినచో రాజ్యాంగము 14, 16 అధికరణములలో పౌరులందఱికి నిచ్చిన సమానావకాశము భంగమగుననియు దాని సారాంశము. అయినను తగిన అర్హతలతో, మంజూరైన ఖాళీలలో, న్యాయస్థానముల ఉత్తరువుల యండ లేకయే పదేండ్లు పనిచేసినవారి సంగతి ఒక్కమారు విచారించి ఖాయపఱుపవలెనని కూడ ఆ తీర్పే చెప్పినది. మన ప్రభుత్వములు మొదటి భాగమును కంఠస్థము చేసి రెండవ భాగమును మఱచినవి!

భూవసతి గల మా పాఠకు లొక్కమారు యోచింతురు గాక. ఇరువదేండ్లు తమ కమతములో నాగలి పట్టిన పాలేరుతో ఏటేట 'నీవు ఈ యేటికే సుమా' అని చెప్పుచు, జీతము పెంపక, తుదకు 'నిన్ను నేను సరిగా కుదుర్చుకొనలేదు, పొమ్ము' అను ఆసామిని ఊరు మెచ్చునా? కేంద్ర జలసంఘములో ఏండ్లతరబడి ఊడ్పుపని, తోటపని చేసిన కొందఱికి 2018లో జరిగిన దిదియే. 2024 డిసెంబరు 20వ తేదీని సర్వోన్నత న్యాయస్థానము వారిని తిరిగి చేర్చుకొని ఖాయపఱుపవలసినదని ఆజ్ఞాపించి, ఉమాదేవి తీర్పు చాటున దీర్ఘకాల సేవకులను త్రోసివేయుట తగదని మందలించినది.

రెండవ పక్షమువారి మొఱయు వినదగినదే. హైదరాబాదు అశోకనగరపు ఇఱుకు గదులలో ఏండ్లకొలది గ్రూపు పరీక్షలకు చదువుచున్న యువకులు, 'ఖాళీలన్నియు ఇట్లే నిండినచో మా చదువెందుకు?' అని అడుగుచున్నారు. వారు తప్పుగా అడుగుటలేదు. తెలంగాణములో 2023లో ఐదువేల పైచిలుకు కంట్రాక్టు ఉద్యోగులను ఖాయపఱచిరి. అందుకు ఆధారమైన సెక్షనును 2024లో ఉన్నత న్యాయస్థానము కొట్టివేసినది. అప్పటికే ఖాయమైనవారిని మాత్రము కదలింపలేదు. ప్రకటన వెలువరింపక యువకులను, ఖాయపఱుపక ఉద్యోగులను ఎదురుచూచునట్లు చేసి, వీరిద్దఱు తగవులాడుచుండగా జీతపు వ్యత్యాసమును మిగుల్చుకొనుచున్నది బొక్కసము. సమానమైన పనికి సమానమైన వేతనమీయవలెనని 2016 అక్టోబరులో వచ్చిన తీర్పు అమలైనచో ఆ మిగులు ఉండదు; కంట్రాక్టుపై మోజును చాలవఱకు తగ్గును.

కావున నిత్యమైన పనులన్నిటికిని పోస్టులు మంజూరు చేసి, పదేండ్లు నిండినవారి జాబితాలను శాఖలవారీగా ప్రకటించి వారిని ఖాయపఱచి, తక్కిన ఖాళీలకు పరీక్షల తేదీలను అదే దినమున ప్రకటింపవలెనని మేము కోరుచున్నాము. ఆ జాబితాలు రాబోవు ఒప్పందపు గడువునకు ముందే వెలువడవలెను.