మిస్సమ్మ ఆడిన అబద్ధం

విజయా వారి ‘మిస్సమ్మ’ 1955 జనవరిలో విడుదలయింది. నాగిరెడ్డి, చక్రపాణి నిర్మాతలు, ఎల్.వి. ప్రసాద్ దర్శకుడు. మూలకథ బెంగాలీ నుంచి అరువు తెచ్చుకున్నదే అయినా, చక్రపాణి, పింగళి నాగేంద్రరావుల చేతిలో పడ్డాక అచ్చంగా మనదైపోయింది.

కథ అందరికీ తెలిసిందే. అప్పాపురం జమీందారు గోపాలం (ఎస్.వి. రంగారావు) తప్పిపోయిన పెద్ద కూతురు మహాలక్ష్మి పేరున బడి నడుపుతుంటాడు. దానికి బి.ఏ. చదివిన ఉపాధ్యాయులు కావాలి, వాళ్ళు భార్యాభర్తలై ఉండాలి. ఎం.టి. రావుకి (ఎన్.టి. రామారావు) ఉద్యోగం లేదు. మేరీకి (సావిత్రి) డేవిడ్ బాకీ తీర్చాలి, లేకపోతే వాడు పెళ్ళాడమంటాడు. పెళ్ళి కాని ఇద్దరూ దంపతులమని చెప్పి ఉద్యోగంలో చేరతారు.

ఇందులో హాస్యం ఎక్కణ్ణుంచి పుడుతుందో చూడండి. జమీందారు దుర్మార్గుడైతే ఈ సినిమా లేదు. ఆయనా, ఆయన భార్యా వీళ్ళని పూర్తిగా నమ్మి, ఇంటి పిల్లల్లా చూసుకుంటారు. వాళ్ళు ఎంత ఆప్యాయంగా ఉంటే మేరీకి అంత ఇరకాటం. మా వృత్తి భాషలో చెప్పాలంటే, ఒక తప్పుని కప్పడానికి వేసిన ప్యాచ్ మరో పది ప్యాచ్‌లు అడుగుతుంది. అనుమానించేవాడు ఒక్కడే, డిటెక్టివునని చెప్పుకు తిరిగే మేనల్లుడు రాజు. ‘దేవదాసు’ (1953) తరవాత నాగేశ్వరరావుగారు ఈ వేషం వెయ్యడం నాకు ఇప్పటికీ అబ్బురమే. చివరికి మేరీయే మహాలక్ష్మి అని తేల్చేదీ అతనే.

మా మోరిస్‌విల్‌లో ఇది సాఫ్ట్‌వేరు కుర్రాళ్ళతో కలిసి చూస్తే కొత్త ప్రశ్నలు వస్తాయి. మొన్నొక అబ్బాయి, చదువు ముగించి ఉద్యోగం వెతుక్కుంటున్నవాడు, “వాళ్ళూ దొంగ రెజ్యూమేతోనే చేరారు కదండీ, మనకి వాళ్ళ మీద కోపం రాదేం?” అన్నాడు. వాడి రెజ్యూమేలో లేని నాలుగేళ్ళ అనుభవాన్ని చేర్చి పంపిందట ఒక కన్సల్టింగ్ కంపెనీ. వాడు దాని మీద సంతకం పెట్టాలి.

నేను చెప్పిన తేడా ఇది. రావు, మేరీ పట్టాలు దొంగవి కావు. పాఠాలు నిజంగానే చెప్పారు. వాళ్ళు దాచింది పెళ్ళి సంగతి, పాఠం చెప్పడానికి దానితో నిమిత్తం లేదు. నువ్వు అబద్ధమాడేది పని విషయంలోనే. రేపు ప్రాజెక్టులో నీ పక్కన కూర్చున్నవాడు ఆ నాలుగేళ్ళూ ఉన్నాయనుకునే నీకు పని అప్పజెబుతాడు. పైగా ఆ అనుభవపత్రమే వీసా దరఖాస్తుకి జతపడితే సంగతి వేరు. తెలిసి ముఖ్యమైన విషయంలో అబద్ధమాడి వీసా పొందాలని చూసినవారికి జీవితాంతం ప్రవేశం నిరాకరించే నిబంధన అమెరికా వలస చట్టంలో ఉంది. మినహాయింపులు కొద్ది.

అయితే రావు, మేరీలని నేను పూర్తిగా వెనకేసుకు రాను. జమీందారు దంపతుల నమ్మకం వాళ్ళు వాడుకున్నారు. ఆ బాకీని కథ తీర్చలేదు, మేరీని ఆయన కూతురిని చేసి కొట్టేసింది. చక్రపాణి తెలివి అది! మనకి అటువంటి పుట్టుమచ్చలు ఉండవు.

ఆ అబ్బాయి ఇంకా సంతకం పెట్టలేదు. ఊళ్ళో నాన్నగారికి చెప్పావా అని అడిగాను. “కంపెనీ వాళ్ళే అంతా చూసుకుంటారని చెప్పానండీ” అన్నాడు.