ఉపగ్రహ కొలతలకు ఒక ఉమ్మడి వ్రాత

నంద్యాలలో స్థానము ముందే తెలిసిన గుర్తుపై ఒక ఉపగ్రహ రిసీవరును, సుమారు 40 కిలోమీటర్ల దూరమున ఆళ్లగడ్డ పొలములో మరియొకదానిని నిలిపినారనుకొందము. రెండును ఒకే సమయమున అవే ఉపగ్రహముల సంకేతములను అందుకొనును. రెంటి లెక్కలను జతపరచినచో ఉమ్మడి దోషములు చాలవరకు కొట్టుపడి, ఆళ్లగడ్డ గుర్తు స్థానము సెంటీమీటర్ల వరకు తేలును. చేతిలోని ఫోను చూపు స్థానములో కొన్ని మీటర్ల తేడా యుండును. గట్టు తగవు దానితో తీరదు. 2020 డిసెంబరులో ఆంధ్రప్రదేశ్‌లో ఆరంభమైన భూముల రీసర్వేలో ఇట్టి రిసీవర్లే వాడబడెను.

చిక్కేమనగా, రెండు రిసీవర్లు వేర్వేరు కంపెనీలవైనచో ఒకదాని ఫైలును మరొకదాని సాఫ్టువేరు చదువలేకపోవచ్చును. ప్రతి కంపెనీయు తన అంకెలను తనదైన గుప్త రూపములో కుదించి నింపును. కరణముల గొలుసుకట్టు వ్రాత ఇతరులకు కొరుకుడుపడనట్లే యిదియును.

1989లో ఐరోపాలో జరిగిన ‘యూరెఫ్’ సర్వేలో నాలుగు కంపెనీల రిసీవర్లు 60కి పైగా పనిచేసెను. వాటి లెక్కలను ఇచ్చిపుచ్చుకొనుటకై స్విట్జర్లాండులోని బెర్న్ విశ్వవిద్యాలయ ఖగోళ సంస్థ ‘రైనెక్స్’ అను రూపమును ప్రతిపాదించెను. అది ఎవరైనను తెరచి చదువగల మామూలు అక్షరముల ఫైలు. తలకట్టులో రిసీవరు రకము, యాంటెన్నా రకము, దాని ఎత్తు ఉండును. దిగువన ప్రతి క్షణమునకు ఒక్కొక్క ఉపగ్రహపు దూరము, గడియారపు దోషముతో సహా, మీటర్లలో ఉండును.

మార్పిడివలన కొలత మెరుగుపడదు. తప్పు మాత్రము చేరవచ్చును. జి.పి.ఎస్. కాలమును 1980 జనవరి 6 నుండి వారములుగా లెక్కింతురు. పాత సంకేతములో 1024 వారములు నిండగనే ఆ సంఖ్య మరల సున్న యగును. 2019 ఏప్రిల్‌లో అట్లే జరిగెను. దీని నెరుగని పాత మార్పిడి సాఫ్టువేరు నేటి కొలతను సుమారు పందొమ్మిదిన్నర యేండ్లు వెనుకకు నెట్టును. ఆనాటి ఉపగ్రహ కక్ష్యలు దీనితో పొసగవు గనుక తప్పు వెంటనే పట్టుబడును.

యాంటెన్నా ఎత్తు తప్పినచో అట్లు పట్టుబడదు. ముక్కాలి స్టాండుపై నున్న యాంటెన్నా 1.5 మీటర్ల ఎత్తున ఉండగా తలకట్టులో సున్న యున్నచో, లెక్క సాఫీగానే సాగి నేల మీటరున్నర పైకి లేచును. పొలము హద్దుకు నష్టము స్వల్పమే కాని, కె.సి. కాలువ పిల్లకాలువకు మట్టము తీయువానికి అది గొప్ప అనర్థము. టేపును ఏటవాలుగా పట్టుటయు తేడాయే: 15 సెంటీమీటర్ల వ్యాసార్ధముగల యాంటెన్నా అంచువరకు 1.600 మీటర్లున్నచో నిలువెత్తు 1.593 మీటర్లే.

కావుననే కంపెనీ రూపములోని మూల ఫైలును, పొలములో వ్రాసిన నోటుపుస్తకమును దాచియుంచవలెను. కొన్నియేండ్లకు ఎత్తు తప్పని తేలినను, ఆళ్లగడ్డకు మరల స్టాండు మోసికొని పోనక్కరలేదు. ఫైలునే మరల మార్చుకొనవచ్చును.