మన పక్కనే నాటకాల ఊరు

దుగ్గిరాల అంటే అందరికీ పసుపు యార్డే గుర్తొస్తుంది. మా తాతయ్యకి మాత్రం అది తెనాలిలో నాటకం చూసి తెల్లవారుజామున ఇల్లు చేరే ఊరు. ఆ తెనాలి శ్రీరామ విలాస సభలోనే స్థానం నరసింహారావు గారు స్త్రీ పాత్రలతో పేరు తెచ్చుకున్నారు. 1956లో పద్మశ్రీ అందుకున్నారు. ఆంధ్ర నాటక కళాపరిషత్తు 1929లో పుట్టిందీ తెనాలిలోనే.

తర్వాత సినిమా వచ్చింది. నటులూ, జనమూ అటు వెళ్లారు. నాటకాన్ని మళ్లీ నిలబెట్టింది పరిషత్తు పోటీలే. గంట లోపు నాటిక, నాలుగైదు పాత్రలు, చిన్న సెట్టు. ఉద్యోగాలు చేసుకునేవాళ్లు కూడా సాయంత్రాలు రిహార్సల్ వేసుకుని ఆడొచ్చు.

మొన్న నేనూ ఒక పోటీకి వెళ్లా. స్టేజీ మీద కుర్రాళ్లున్నారు. కుర్చీల్లో నా వయసువాళ్లు నలుగురే! చూసేవాళ్లు లేకపోతే నాటకం ఎన్నాళ్లు నిలుస్తుంది? ఈసారి మనమంతా వెళ్దాం.