వార్తల్లో పదం: సామూహిక స్మృతి

ఒక సమాజం తన గతంలో దేన్ని తలుచుకోవాలో, దేన్ని మరుగున పడేయాలో కలిసి తేల్చుకునే తీరే సామూహిక స్మృతి. 1925లో ఈ భావనకు రూపమిచ్చిన ఫ్రెంచి సామాజికవేత్త మోరిస్ హాల్బ్వాక్స్, 1945లో నాజీల బుహెన్‌వాల్డ్ శిబిరంలోనే చనిపోయాడు.

ఈ స్మృతికి సాక్ష్యపు బలాన్నిచ్చేవి డాక్యుమెంటరీలు. నాజీలు చేసిన యూదుల జాతిహననంపై క్లాడ్ లాంజ్‌మన్ తీసిన ‘షోవా’ (1985) తొమ్మిది గంటలకు పైగా నడుస్తుంది. పాత ఫుటేజీ ఒక్క ముక్కా ఉండదు, అన్నీ మనుషుల మాటలే. జాషువా ఓపెన్‌హైమర్ ‘ది యాక్ట్ ఆఫ్ కిల్లింగ్’ (2012)లో ఇండోనేసియా హంతకులు 1965–66 నాటి హత్యలను కెమెరా ముందు నటించి మరీ చూపించారు. శిక్ష పడలేదు కదా, ఆ ధీమా!

అదే 2012లో, జూన్ 12న మన ఆంధ్రప్రదేశ్‌లోని లక్షింపేట గ్రామంలో ఐదుగురు దళితులను చంపారు. మడ్డువలస జలాశయం కోసం సేకరించగా మునగకుండా మిగిలిన భూమి దగ్గర తగాదా. చట్టం లెక్కలో ఇది జాతిహననం కాదు. 1948 నాటి ఐరాస ఒప్పందం జాతి, తెగ, మత సమూహాలను పేర్కొంది గానీ కులాన్ని చేర్చలేదు. బాధితులకు 1989 నాటి ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం అండగా ఉంది. లక్షింపేట ఉన్న వంగర మండలం అప్పట్లో శ్రీకాకుళం జిల్లాలో ఉండేది; అది 2022లో విజయనగరంలోకి మారింది. ఈ ఘటనపై సినిమా తీయబోయేవారు పాత కాగితాల కోసం రెండు జిల్లాల గడపలూ తొక్కాల్సి రావచ్చు.