చదువు రాని సేనాని, ఆయన చుట్టూ కలాలు

రామసముద్రం నుంచి సరిహద్దు దాటి కోలారు వైపు పోవడం మన వాళ్లకు కొత్త కాదు. సంతకు పోతాం, ఆస్పత్రికి పోతాం, పెళ్లి సంబంధాలకు పోతాం. అదే కోలారు జిల్లాలో బూదికోట అని ఒక ఊరుంది. 1720 ప్రాంతంలో అక్కడ పుట్టిన పిల్లవాడే హైదర్ అలీ. ఆయన కన్నుమూసింది ఇటు మన చిత్తూరు దగ్గర, నరసింగరాయనిపేట విడిదిలో, 1782 డిసెంబరు 7న. ఆయన పుట్టిన చోటికీ పోయిన చోటికీ నడుమ ఉన్నవాళ్లం మనం. అయినా మైసూరు చరిత్ర అనగానే మా తరగతిలో పిల్లలు ఎక్కడో దూరదేశపు సంగతిలా వింటారు.

హైదర్ తండ్రి ఫతే ముహమ్మద్ సిరా సుబేదారు కొలువులో సేనానాయకుడు. యుద్ధంలో చనిపోయాడు. ఆయన సమాధి కోలారులోని మక్బరాలో ఇప్పటికీ ఉంది. పిల్లలు చిన్నవాళ్లు, ఇంటిమీద అప్పులు, అప్పులవాళ్ల వేధింపులు. యతీములైన ఆ అన్నదమ్ములకు ఓనమాలు దిద్దించేవాళ్లు లేకపోయారు. అన్న షాబాజ్ ముందు మైసూరు సైన్యంలో చేరాడు, తమ్ముడు ఆ వెనకే వచ్చాడు. 1749లో దేవనహళ్లి ముట్టడిలో హైదర్ ధైర్యం పెద్దల కంటపడింది. 1755 నాటికి దిండిగల్ ఫౌజుదారు అయ్యాడు. అక్కడ ఫ్రెంచి పనివాళ్లను పిలిపించి ఫిరంగుల కార్ఖానా పెట్టించాడు.

ఇంత చేసిన మనిషికి చదవడం రాదు, రాయడం రాదు. సంతకానికి తన పేరులో ఒక్క అక్షరం మాత్రం గీసేవాడని చెబుతారు. చదువు లేని మనిషి రాజ్యం చేశాడని మనవాళ్లు కొందరు గొప్పగా చెప్పుకుంటారు. టీచర్లమైన మాకు ఆ మాట వింటే కొంచెం ఇబ్బందిగానే ఉంటుంది. ఆయన నడిచింది చదువు లేకుండా కాదు, ఇతరుల చదువు మీద. జ్ఞాపకశక్తి అసాధారణం, నోటిలెక్క చురుకు, కానీ ఫర్మానా రాయాలన్నా జీతాల పద్దు చూడాలన్నా ఎవరో ఒకరి కలం కావాలి. మొదట ఆ కలం ఖండేరావు అనే ఉద్యోగిది. హైదర్ అతన్ని పూర్తిగా నమ్మాడు. 1760లో అదే ఖండేరావు మైసూరు రాజకుటుంబంతో కలిసి ఎదురు తిరిగితే హైదర్ రాత్రికి రాత్రి శ్రీరంగపట్నం వదిలి బెంగళూరుకు పారిపోవలసి వచ్చింది. మరుసటి ఏడు గెలిచి తిరిగి వచ్చాడు. ఖండేరావును పంజరంలో పెట్టించాడని కథ.

1761 నుంచి మైసూరుకు అసలు పాలకుడు హైదరే. ఒడయార్ రాజును మాత్రం తీసివేయలేదు. సింహాసనం వారిది, సైన్యం, ఖజానా తనవి. ఇక్కడి నుంచి ఆయన సేనాని మాత్రమే కాదు, దేశమంతటి రాజకీయం నడిపే మనిషి. 1769లో మద్రాసు గుమ్మం దాకా గుర్రాలు తోలి ఇంగ్లీషు కంపెనీతో సంధి రాయించాడు. ఒకరి మీదికి శత్రువు వస్తే రెండోవారు సాయం రావాలని అందులో ఉంది. కొద్ది కాలానికే మరాఠాలు మైసూరు మీద పడితే కంపెనీ కదలలేదు. ఆ మాటతప్పడం ఆయన మరువలేదు. 1780లో మరాఠాలు, నిజాం, తాను ఒక్కటై కంపెనీని ఎదిరించాలని ఒప్పందం చేసుకున్నాడు. కంపెనీవాళ్లు గుంటూరు సర్కారును నిజాంకు తిరిగి ఇచ్చేసి ఆయన్ను మెల్లగా పక్కకు తప్పించారు. 1782లో మరాఠాలూ సంధి చేసుకున్నారు. చివరికి హైదర్ ఒంటరి.

ఆ యుద్ధంలోనే 1780 సెప్టెంబరులో కంచి దగ్గర పొళ్ళిలూరులో కంపెనీ సేనకు ఘోరమైన ఓటమి కలిగింది. మరుసటి ఏడు పరంగిపేట దగ్గర హైదర్ ఓడాడు. ఒక్క మాట దాచకుండా చెప్పాలి. మద్రాసు చుట్టుపక్కల పల్లెలను ఆయన దళాలు తగలబెట్టాయి, వేలమంది రైతులు దిక్కులేనివాళ్లయ్యారు. మనవాడని ఆ పేజీ చింపేయలేం.

గుర్రంకొండ కోట మదనపల్లెవాళ్లందరికీ తెలుసు. దాన్ని ఏలిన మీర్ రజా అలీ ఖాన్ హైదర్ బావమరిది.

వీపు మీద రాచపుండు లేచి హైదర్ నరసింగరాయనిపేటలో పోయేనాటికి టిప్పు మలబారు తీరంలో ఉన్నాడు. సంగతి బయటపడితే సైన్యం చెదిరిపోతుంది. అప్పుడు ఆదుకున్నది మళ్లీ కలం పట్టినవాళ్లే, పూర్ణయ్య, కృష్ణారావు. ఇద్దరూ బ్రాహ్మణులు, లెక్కలు చూసే ఉద్యోగులు. దేహాన్ని పెట్టెలో ఉంచి, ఖజానా తరలిస్తున్నట్టుగా కోలారుకు పంపించారు. టిప్పు వచ్చి చేరేదాకా విడిదిలో రోజువారీ పనులు ఏమీ జరగనట్టే సాగించారు. ఖండేరావు చేతిలో దెబ్బతిన్నాక కూడా హైదర్ ఇలాంటివాళ్లను నమ్మడం మానలేదు, అదే ఆయన కొడుకును గద్దె ఎక్కించింది. తరువాత దేహాన్ని కోలారు నుంచి శ్రీరంగపట్నానికి తీసుకుపోయి, ఇప్పుడు గుంబజ్ అని పిలిచే కట్టడంలో ఖననం చేశారు.

తనకు దక్కని అక్షరాన్ని ఆయన కొడుక్కి లోటు చేయలేదు. ఉస్తాదులను పెట్టి ఫారసీ, కన్నడం వంటి భాషలు నేర్పించాడు. 1799లో శ్రీరంగపట్నం పడిపోయినప్పుడు టిప్పు కోటలో కంపెనీవాళ్లకు దొరికిన పుస్తకాలు రెండు వేల దాకా ఉన్నాయి.